సముద్రానికి అతికించిన పేరు

నందికొట్కూరు బడిలో సైన్సూ భూగోళమూ చెప్పే ఓబులేసుకు అప్పటికే ఇద్దరు పిల్లలు పోయారు. ఇద్దరూ మూడో నెల దాటలేదు. 1957లో మళ్లీ ఆడపిల్ల పుట్టాక, కాచి చల్లార్చని నీళ్లను ఆయన బిడ్డ దరిదాపులకు రానివ్వలేదు. పాప నిద్రపోతుంటే గడియారం పట్టుకుని ఊపిరి లెక్కపెట్టేవాడు. విమల అని పేరు కూడా అనుకున్నాడు.

ఆయన తల్లి సిద్దమ్మ ఒప్పుకోలేదు. పిల్లలు దక్కని ఇంట్లో పుట్టిన బిడ్డను పుల్లి విస్తరిలో, అంటే ఎవరో తిని వదిలిన ఆకులో, పొర్లించి పుల్లమ్మ అని పిలవాలంది. ఎవరికీ అక్కర్లేని బిడ్డ అనుకుని చావు పక్కకు తప్పుకుంటుందని ఆమె నమ్మకం. ఓబులేసుకు ఆ ఎంగిలాకును తలుచుకుంటేనే ఒళ్లు జలదరించేది. దాని మీద ఎన్ని క్రిములుంటాయో ఆయన చదువుకున్నాడు.

పేరు పెట్టే రోజు పొద్దున ఆయన వసారాలో బడిలోని ప్రపంచ పటం పరుచుకుని కూర్చున్నాడు. తెల్లదొరల కాలం నాటి పటం. దక్షిణ ధ్రువం దగ్గరి మంచు సముద్రానికి అందులో నాలుగో జార్జి రాజు పేరుంది. అంతదూరం ఓడ నడిపిన వెడ్డెల్ తన రాజు పేరు పెట్టుకుంటే, తరవాతివాళ్లు దాన్ని తీసి వెడ్డెల్ పేరే ఖాయం చేశారు. ఆ ఏడాది శాస్త్రజ్ఞుల ఓడలు అటు పోతున్నాయని పత్రికల్లో వస్తుండటంతో, కొత్త పేరు రాసిన కాగితం ముక్కకు ఆయన మైదాబంక పూస్తున్నాడు.

"ఏం చేస్తాండావప్పా?" అంది సిద్దమ్మ.

"ఈ సముద్రానికి పేరు మారుస్తాండా మా. శానా దూరంలో ఉండాది. అంతా మంచే."

"పేరు మారిస్తే మంచు కరుగుతాదా?"

"యాడ కరుగుతాది? పేరుతో ఏం కాదు మా. ఓడ చిక్కితే నలిపేసేది నలిపేస్తానే ఉంటాది."

"ఏం కానిదానికి పొద్దున్నుంచీ బంక పూస్తాండావు. నా మనవరాలిని పుల్లమ్మ అంటే మాత్రం నీ చదువు మునిగిపోతాదా?"

ఓబులేసు చేయి ఆగింది. పేరుతో ఏమీ కాదని ఇప్పుడే తనే అన్నాడు. మరి ఇన్నాళ్లూ ఎందుకు వద్దన్నాడు? ఆ పేరు పెడితే ఈ పాప కూడా పోవచ్చునని తన నోటితో ఒప్పుకున్నట్టవుతుంది. అందుకే.

చివరికి ఒప్పుకున్న ఓబులేసు మధ్యాహ్నం, సిద్దమ్మ తెచ్చిన ఎంగిలి విస్తరిని కాచిన నీళ్లతో కడగబోతుంటే ఆమె అడ్డం వచ్చింది. "కడిగితే ఎంగిలి యాడుంటాది?"

"ఎవరి ఎంగిలో నా బిడ్డకెందుకు మా? నేనే తింటా."

ఆకు కడిగి, అందులో నాలుగు ముద్దలు తిని లేచాడు. భార్య నాగలక్ష్మమ్మ పాపను చేతికిచ్చింది. ఆకులో పడుకోబెట్టి, వంగి చెవిలో పేరు చెప్పాడు.

"గట్టిగా పిలువప్పా," అంది సిద్దమ్మ. "వినాల్సింది పాప గాదు."

ఓబులేసు వీధి వాకిలి వైపు తిరిగి "పుల్లమ్మా!" అని గట్టిగా పిలిచాడు.