వాగు ఒడ్డున మంచు ఖండం

ఈ ఆదివారం పొద్దున నా గుమ్మంలో ఏం జరిగిందో చెబితే మీరు నమ్మరు. కానీ అది అర్థం కావాలంటే పోయినేడు వానాకాలం నుంచి మొదలుపెట్టాలి. పోయినేడు నేను పద్దెనిమిది రోజులు మంచు ఖండంలో బతికాను. ఎక్కడో కాదు, పినపాక అవతల అడవిలో, ఇరవై ఆరు గడపల ఊళ్లో. నవ్వకండి, పూర్తిగా వినండి!

నాకు అక్కడి బడిలో పోస్టింగ్ వచ్చింది. ఏకోపాధ్యాయ పాఠశాల. అంటే హెడ్‌మాస్టర్నీ నేనే, అసిస్టెంటునీ నేనే, గంట కొట్టేదీ నేనే. సమితి ఆఫీసులో సూపర్‌వైజర్ నా ఆర్డర్ చూసి అద్దాలు పైకెత్తారు.

"నీ ముందల నలుగురు పోయిన్రు. వాన పడంగనే నలుగురూ వాపస్ వచ్చిన్రు. నువ్వెన్ని రోజులుంటవ్?"

"వానాకాలమంతా ఉంటాను సార్. హాజరు రిజిస్టర్‌లో ఒక్క గడి కూడా ఖాళీ ఉండదు," అన్నాను.

"సూద్దాం. ఖాళీ ఉన్నదో, ఈసారి ఆ బడే ఎత్తేస్తరు," అన్నారాయన.

ఇరవై మూడు మంది పిల్లల బడి! నా మాట మీద నిలబడింది. భయమేసింది కానీ, ఒప్పుకుంటానా?

నా ధైర్యమంతా పుస్తకాల వల్ల వచ్చింది. ఇల్లందులో మా మేనమామ బొగ్గుబాయిలో పనిచేస్తాడు. ఆయన కార్డు మీద అక్కడి లైబ్రరీ నుంచి మూడు లావుపాటి పుస్తకాలు తెచ్చుకున్నాను. అన్నీ ధ్రువాల మీదికి పోయినవాళ్ల గురించే. మొత్తం వెయ్యీ నూటపన్నెండు పేజీలు. నాకంటే ముందు ఎవరూ తీసుకుపోయిన గుర్తు లేదు, తేదీలు వేసే కాగితం తెల్లగా ఉంది. ఓడ మంచులో ఇరుక్కుంటుంది. నెలల తరబడి మనిషి మొహం కనపడదు. అయినా వాళ్లు గడియారం చూసి లేస్తారు, కొలిచి తింటారు, రోజూ డైరీ రాస్తారు. మతి చెడకుండా బతికి బయటపడింది ఎవరయ్యా అంటే, లెక్క తప్పనివాళ్లే! నాకింకేం కావాలి? లెక్కల్లో నన్ను కొట్టేవాడు మా కాలేజీలోనే లేడు.

ఆగస్టులో ఒక శనివారం వాగు పొంగింది. దారి బంద్. అంతకు ముందు ఏడు పదమూడు రోజులు బంద్ అయిందని ఊరి పటేల్ ముత్తయ్య చెప్పాడు. ప్రమాదం ఎప్పుడూ ఎక్కువే అనుకోవాలని పుస్తకంలో ఉంది. పదమూడుకు సగం కలిపితే పందొమ్మిదిన్నర. సగం రోజు ఎందుకు, ఇరవై! ఇంట్లో బియ్యం కొలిస్తే సరిగ్గా ఇరవై గ్లాసులు. రోజుకు గ్లాసు. బిస్కట్లు అరవై. రోజుకు మూడు. ఎంత అందంగా కుదిరిందో చూడండి!

వెంటనే పనిలో దిగాను. బడి కప్పు మీద వెదురుబొంగుకు ఎర్ర తువ్వాలు కట్టి జెండా ఎగరేశాను. వాగు ఒడ్డున ఇంకో బొంగు పాతి, ఎర్ర జాజుతో, తెల్ల సున్నంతో అరడుగుకో పట్టీ వేశాను, నీటిమట్టం కొలవడానికి. రోజూ పొద్దున స్నానం చేసి అక్కడ గొంతుక్కూర్చుని, తల వంచి గీత చూసి, డైరీలో రాసుకునేవాణ్ణి.

మొదటిరోజే ముత్తయ్య భార్య లచ్చమ్మ జొన్న గటక, వెదురుకొమ్ముల కూర పట్టుకొచ్చింది.

"తిను సారూ, ఒక్కనివి ఏం వండుకుంటవ్?"

నోరూరింది. కానీ నాయకుడన్నవాడు మొదటిరోజే రూలు తప్పితే ఎట్లా?

"వద్దు పెద్దమ్మా. వాగు తగ్గేదాకా నేను గ్లాసు బియ్యమే తింటాను. ఇంకేదీ ముట్టను."

ఆమె నా తడి జుట్టు వైపు చూసింది. బడి కప్పు మీది ఎర్ర తువ్వాలు చూసింది. దూరంగా ఒడ్డున ఎరుపూ తెలుపూ పట్టీల బొంగు చూసింది. గిన్నె మీద కొంగు కప్పుకుని, వెనక్కి వెనక్కి నడిచి వెళ్లిపోయింది. ఎంత గౌరవం! సైన్సు అంటే వీళ్లకు ఎంత విలువ అనుకున్నాను.

ఆ తర్వాత ఒక్కరు నాకు గింజ పెడితే ఒట్టు. నన్ను చూస్తే పిల్లలు కాల్చిన మక్కకంకులు వీపు వెనక దాచేవాళ్లు. మగవాళ్లు చుట్ట ఆర్పేవాళ్లు. నాలుగో రోజు నా కొలతబొంగు మీద బంతిపువ్వు కనపడింది. ఏడో రోజు దాని మొదట్లో కొబ్బరిచిప్ప! నేను చిప్పను పక్కకు జరిపి నీటిమట్టం రాసుకున్నాను. ఆకలి కళ్లకు కొబ్బరి కనపడుతుంది కానీ, అర్థం కనపడదు కదా.

పదో రోజుకు బెల్టు రెండు బెజ్జాలు లోపలికి జరిగింది. పుస్తకం తెరిస్తే, మంచులో ఆకలితో ఉన్నవాళ్లు ఇంటికెళ్లి ఏమేం తినాలో మాట్లాడుకునే అధ్యాయమే వచ్చేది. బడిలో లెక్కలన్నీ గారెలతోనే చెప్పాను. "ఒక్కొక్కరికి ఐదు గారెలు. ఇరవై మూడు మందికి ఎన్ని?" అని అడిగాను. పిల్లలు నా వైపు జాలిగా చూశారు.

పదిహేనో రోజు సాయంత్రం ముత్తయ్య ఎదురొచ్చాడు. భుజాన సంచి. సంచిలో ఉల్లిగడ్డలు, చాయపత్తి పొట్లం. కొత్తవి!

"పటేలా! ఇవెక్కడివి?"

"సంతల తెచ్చిన సారూ."

"వాగు?"

"పైన బండలున్నయ్ గద. ఆడికెళ్లి దాటుతం. రెండు గంటలు చుట్టు, గంతే. వాగొచ్చినంక రెండు సంతలు పోయొచ్చిన."

నేను ఆయన సంచి పట్టుకుని ఆపాను. "మరి నాకెందుకు చెప్పలేదు?"

"ఎట్ల చెప్తం? మీరు వాగు తగ్గాలని మొక్కు పడితిరి. జెండా ఎత్తితిరి, బొంగు నిలబెడితిరి. మధ్యల మేం అడ్డం వస్తే ఊరికి మంచిదా? మా ముసల్ది గూడ మీతోని ఒక్కపూటనే తింటున్నది."

అదీ సంగతి! అది మొక్కు కాదు, కొలత అని చెబుదామని నోరు తెరిచాను. పదిహేను రోజులుగా నా కోసం పొట్ట మాడ్చుకున్న లచ్చమ్మకు ఆ మాట ఏ మొహంతో చెప్పను? వాళ్లింటికి పోయి, ఆ రోజు నా మూడో బిస్కట్ ఆమెకిచ్చాను. కళ్లకద్దుకుని తిన్నది.

పద్దెనిమిదో రోజు వాగు దిగింది. నా డబ్బాలో రెండు గ్లాసుల బియ్యం మిగిలింది. ఒక్క గింజ లెక్క తప్పలేదు, గమనించండి! ఆ మధ్యాహ్నం ఊరంతా కలిసి నాకు నాటుకోడితో అన్నం పెట్టారు. ఎన్ని గ్లాసులో కొలవలేదు.

వారం తర్వాత సూపర్‌వైజర్ వచ్చారు. ఆ పద్దెనిమిది రోజుల్లో మూడు ఆదివారాలు, ఒక పంద్రాగస్టు పోను పద్నాలుగు పనిదినాలు. పద్నాలుగు గడులూ నిండి ఉన్నాయి. ఆయన నమ్మలేదు.

"ముత్తయ్యా, నిజం చెప్పు. సారు ఈడనే ఉన్నడా?"

"ఉండుడేంది సారూ! ఉపాసముండి వాగును కిందికి దించిండు!"

సూపర్‌వైజర్ నా వైపు చూశారు. నేను కప్పు వైపు చూశాను. ఆయన రిజిస్టర్ మీద సంతకం పెట్టారు. బడి నిలిచింది. ఆ సంతకాన్ని ఇప్పటికీ అప్పుడప్పుడూ తెరిచి చూసుకుంటుంటాను.

ఇక ఈ ఆదివారం. లేచి తలుపు తీసేసరికి గుమ్మంలో ఊరి పెద్దలంతా! ముత్తయ్య చేతిలో కొత్త బొంగు. ఎరుపూ తెలుపూ పట్టీలు, అరడుగుకొకటి, నా కంటే బాగా వేశారు. లచ్చమ్మ చేతిలో తళతళా తోమిన గ్లాసు.

"ఈయేడు వాన పెద్దగున్నది సారూ. జల్దీ మొదలువెట్టుండ్రి."

పోయినేటి ఆకలంతా ఒక్కసారి గుర్తొచ్చింది. కానీ లెక్కల మనిషిని కదా, క్షణంలో తేరుకున్నాను.

"పటేలా, పోయినేడు గ్లాసు చొప్పున తింటే పద్దెనిమిది రోజులు పట్టింది. అవునా? అంటే రెండు గ్లాసుల చొప్పున తింటే తొమ్మిది రోజుల్లోనే తగ్గాలి. లెక్క అంతే!"

ముత్తయ్య వేళ్లు మడిచి లెక్క చూసుకున్నాడు. మీసాల చాటున నవ్వాడో లేదో నేను చెప్పలేను. లచ్చమ్మ మాత్రం వెంటనే అంది:

"అవ్ సారూ, మంచి లెక్క. గట్లయితే నేను గూడ రెండు పూటలు తింట!"

ఇంకా లైబ్రరీకి తిరిగివ్వని ధ్రువాల పుస్తకాలు మూడూ మళ్లీ తిరగేశాను. వెయ్యీ నూటపన్నెండు పేజీల్లో, కష్టకాలంలో రేషన్ రెట్టింపు చేసుకున్న నాయకుడు ఒక్కడూ లేడు. ఆ రికార్డు నాదే!