ఆకాశం బీటలు వారే దేశం

మా నాయన చెప్పే దేశంలో ఆకాశం కూడా మేస్త్రీలు పోసిన స్లాబే. అక్కడి ఆడవాళ్లు రోజూ బిందెలతో ఆకాశం మీదికెక్కి నీళ్లు పోస్తారు. పోయగా కారిందే వాన. ఎప్పుడైనా వరసగా ఐదు రోజులు పోయడం మరిచిపోతే ఆకాశం బీటలు వారుతుంది. సాయంత్రం ఆ బీటల్లోంచి వెలుగు బొట్లు బొట్లుగా కారుతుంది. అది పసుపు కాదు, ఎరుపు కాదు, ఆ రంగుకు అక్కడివాళ్లు ఇంకా పేరు వెతుకుతూనే ఉన్నారట. ఆ బొట్టు ఆవు వీపు మీద పడితే ఆవు కాసేపు గాలిలో నడుస్తుంది. నేల మీద పడితే ఇంకిపోతుంది. ఒడి పట్టినవాళ్లకు మాత్రం కదలని ఇల్లు వస్తుంది.

"కదలని ఇల్లంటే ఏంది నాయనా?"

"మళ్లీ మూట కట్టే పని లేని ఇల్లు పాపా."

నాయన మేస్త్రి. అమ్మ ఆయన దగ్గరే తట్టలు మోసేది. ఇంటి పని ఎక్కడ ఒప్పుకుంటే అక్కడే మా కాపురం. గోడలు లేచేదాకా రేకుల షెడ్డులో, స్లాబు పడ్డాక దాని కింద. రంగులు వేసే రోజు మూటలు కట్టేవాళ్లం. మేం అన్నం వండుకున్న గదిలోకి ఆ తరువాత మమ్మల్ని గడప దాటనిచ్చేవారు కాదు. ఆ గడపల మీద నాకున్న కోపం ఇప్పటికీ తగ్గలేదు.

కంబైనల్లూరులో ఒక ఇల్లు కడుతున్నప్పుడు నాకు పదకొండేళ్లు. వేసవి సెలవులు. స్లాబు పోసిన మర్నాడు నాయన దాని మీద సిమెంటుతో చిన్న గట్లు కట్టి, మడులు చేసి, నీళ్లు నింపాడు. ఆ నీళ్లు ఆరకూడదు. ఆరితే స్లాబు పగుళ్లిస్తుంది. ఈ సంగతి మా ఇంట్లో చంటిపిల్లకైనా తెలుసు. తీర్థమలైలో వారం రోజుల పని తగిలి నాయన వెళ్తూ అమ్మకు చెప్పాడు.

"నువ్వు యాడికీ పోవద్దు. పొద్దున, సందకాడ, రెండు పూటలా నీళ్లు కట్టు. నా పేరు ఆ స్లాబు మీద ఉండాది."

అమ్మ తల ఊపింది. ఆయన బస్సెక్కాక టమాటా తోటలో కోతకు ఒప్పుకుంది. ఇంట్లో బియ్యం లేవు మరి. నీళ్ల పని నాకు చెప్పి, నాయనకు చెప్పొద్దంది.

స్లాబు ఆరితే పాడవుతుందని నాకు తెలుసు. ఆకాశం ఆరితే వెలుగు కారుతుందనీ తెలుసు. రెండూ చెప్పింది నాయనే. పుట్టినప్పటినుంచీ స్లాబు కిందే పడుకున్న నాకు తల పైకెత్తితే కనిపించే ఆకాశం అదే. ఏది నమ్మాలో తేల్చుకోవడానికి నేనేమంత తర్జనభర్జన పడలేదు. ఆశపోతుదాన్ని. ఐదు రోజులు ఒక్క చెంబు నీళ్లు కూడా పైకి మోయలేదు. అమ్మ వచ్చే వేళకు గోడ వెంబడి ఒక బిందెడు కుమ్మరించేదాన్ని, పైనుంచి పొర్లి కారినట్టు కనబడాలని. ఒంట్లో ఓపిక లేక వచ్చే మనిషి ఆ తడి చూసి "మంచి పిల్ల" అనేది.

ఐదో రోజు నిచ్చెనెక్కి చూశాను. మడులు తెల్లగా ఎండిపోయి ఉన్నాయి. అడుగున వెంట్రుకల్లాంటి బీటలు. వాటి మీద వేలు పెట్టి ఆ చివరినుంచి ఈ చివరిదాకా జరిపాను. జీవితంలో అంత సంతోషం నాకు మళ్లీ కలగలేదు. చెప్పుకోవడానికి సిగ్గుగా ఉంది, కానీ అది నిజం.

ఆ సాయంత్రం వెలుగేమీ రాలేదు. స్లాబు ఆనిక కోసం కింద బిగించిన సెంట్రింగ్ పలకలు అడ్డం ఉన్నాయి కాబట్టి రాలేదనుకుని సరిపెట్టుకున్నాను. నాయన తిరిగొచ్చేలోగా మడులు మళ్లీ నింపేశాను. ఆయన వచ్చి ఆ పలకలు విప్పిన కొన్నాళ్లకు వాన వచ్చింది. సాయంత్రం వేళ నడిమింట్లో పైకప్పు నుంచి బొట్టు పడింది. తరువాత ఇంకొకటి. గౌను అంచులు రెండు చేతులా పట్టుకుని, ఒడి చాపి దాని కింద నిలబడ్డాను. మామూలు నీళ్లే. సున్నం రంగు నీళ్లు. అయినా నిలబడే ఉన్నాను. అమ్మ లోపలికొచ్చి నన్ను చూసింది, పైకి చూసింది. నా చేతుల్లోంచి గౌను అంచులు విడిపించింది.

మర్నాడు ఇంటి యజమాని వచ్చి వీధిలో నలుగురి ముందు నాయనను నానా మాటలూ అన్నాడు. ఆయన వెళ్లాక నాయన అమ్మ వైపు తిరిగాడు.

"నీళ్లు పోసినావా లేదా?"

"లేదు. తోటకు పోయినాను. మరిసినాను."

నేను అక్కడే ఉన్నాను. నోరు మెదపలేదు.

ఆ తరువాత నాయనను మేస్త్రిగా ఎవరూ పిలవలేదు. ఇంకొకరి కింద పూత పనికి పోయాడు. ఆకాశం కథ మళ్లీ చెప్పలేదు. అమ్మకు మాత్రం ఒక బిరుదు తగిలించాడు: "ఐదు దినాలు నీళ్లు పోయనిది." కూరలో ఉప్పు తగ్గినా అదే మాట, నా పెళ్లిలో చుట్టాల ముందూ అదే మాట. అమ్మ ఎదురు చెప్పేది కాదు. నేను ప్రతిసారీ రేపు చెబుదాం అనుకున్నాను. అలా అనుకుంటూ ఉండగానే అమ్మ పోయింది.

ఇప్పుడు నాయన ధర్మపురిలో నా అద్దె ఇంట్లో ఉంటున్నాడు. మోకాళ్లు లేవనివ్వవు. మొన్న మధ్యాహ్నం ఆయనకు సంగటి ముద్ద పెట్టి, ఎదురుగా కూర్చుని అంతా చెప్పేశాను. కొడతాడనుకున్నాను. కొడితే బాగుండుననిపించింది. ఆయన ముద్ద మింగి, నీళ్లు తాగాడు.

"తెలుసు పాపా. ఆ పొద్దు నువ్వు ఒడి పట్టుకోని నిలబడినావే, నేను వాకిట్లోనే ఉండాను."



"మరి అమ్మనెందుకు అన్ని మాటలన్నావు?"

"నిన్నంటే, ఆ కత జెప్పిన నన్ను నేనే అనుకోవల్ల. మీ అమ్మ ఒప్పుకునింది. ఒప్పుకున్నోళ్లను అనేది సులువు."

"నీకు తెలుసని అమ్మకు తెలుసా?"

మిగిలిన సంగటిని వేలితో పళ్లెం అంచుకు జరిపాడు.

"తెలుసు."

"పోయేముందు ఒక్క మాటైనా చెప్పుండొచ్చు కదా నాయనా. నీ తప్పేం లేదే అని."

"అది అడగలేదు పాపా."

ఆయన మీద అరవడానికి నోరు తెరిచాను.  నేనూ ఇన్నేళ్లు చెప్పకుండా ఉన్నది అమ్మ అడగలేదనే.