ఫొటోలో పేరు లేని ముగ్గురు

మూడేళ్ల క్రితం గల్ఫ్‌లో, ఖోర్ ఫక్కాన్ ఊరికి వెళ్లే బస్సులో ఒక నల్లజాతి అమెరికన్ పెద్దాయన నా పక్కన కూర్చున్నాడు. నా ఒళ్లో బైబిలు చూసి మాట కలిపాడు. కాసేపటికి ఫోనులో ఒక పాత ఫొటో చూపించాడు. అందులో ఎనిమిది మంది బాస్కెట్‌బాల్ ఆటగాళ్లు. ఒకరు ఆయన తాత. నల్లవాళ్లన్న కారణంతో ఆ రోజుల్లో వాళ్లను పెద్ద పోటీల్లోకి రానివ్వలేదట. పత్రికలు వాళ్ల స్కోరు కూడా వేయలేదట.

"ఐదుగురి పేర్లు దొరికాయి. మిగతా ముగ్గురి కోసం పదేళ్లుగా వెతుకుతున్నాను. వాళ్లను ఎరిగిన చివరి ముసలావిడ కూడా మొన్న పోయింది," అన్నాడు.

"దేవుడికి తెలుసు కదండీ," అన్నాను. మా చర్చి సంఘంలో ఎవరి దుఃఖానికైనా వెంటనే అనే మాట అది.

ఆయన నవ్వాడు. "ఆయనకు తెలుసు బాబూ. రాయాల్సింది మనుషులు. రాయలేదు."

ఫోను అడిగి తీసుకుని ఆ ముగ్గురి ముఖాలు మళ్లీ చూశాను.

ఆ శుక్రవారం ప్రార్థన కూడికలో, సజ్జా కూలీల క్యాంపులో ఉండే సంఘం తమ్ముడొకడు, తమ గదిలో ఉంటూ చనిపోయిన పనివాడి కుటుంబం కోసం ప్రార్థించమన్నాడు.

"అతని పేరేంటి?" అని అడిగాను.

"తెలీదన్నా. అందరం బెంగాలీ అనే పిలిచేటోళ్లం."

"కనుక్కో."

అతను బయటికి వెళ్లి క్యాంపుకు ఫోన్ చేశాడు. తిరిగి వచ్చేదాకా మేం ప్రార్థన మొదలుపెట్టలేదు.