బాబాయికి వన్స్‌మోర్

ఈ ఉదయం అబుదాబీ దగ్గర ముసఫ్ఫాలో మా కంపెనీ బస్సు మొరాయించింది. డ్రైవరు తాళం తిప్పినప్పుడల్లా ఇంజను దగ్గి ఊరుకుంటుంటే బస్సంతా ఒక్క గొంతుతో "ఫిర్ సే!" అని, అంటే మళ్లీ తిప్పమని, అరిచింది. అందరూ విసుక్కుంటున్నారు, నాకేమో ఒళ్లు పులకరించింది. మా బాబాయి గుర్తొచ్చాడు మరి!

బాబాయి ఇక్కడ ప్లాస్టరింగ్ మేస్త్రీగా చేసేవాడు. ఊళ్లో ఉన్నంతకాలం మాత్రం పద్యనాటకాల మనిషి. గోదావరి జిల్లాల్లో ఆయన ఎక్కని పందిరి లేదు. ఎక్కినచోటల్లా మంత్రి, దూత, కాదంటే ద్వారపాలకుడు. రాజులు మారేవారు గానీ ఆయన కొలువు మారేది కాదు. గొంతెత్తితే కంచు మోగినట్టుండేది. కాకపోతే మనిషి పొట్టి, కిరీటం పెడితే జనం నవ్వుతారని నాటక సమాజంవాళ్ల భయం. నచ్చిన పద్యానికి జనం "వన్స్‌మోర్" అని కేకేస్తే నటుడు మళ్లీ పాడాలి, అది మా పద్ధతి. జలుబు చేసిన రాజులకు కూడా దక్కిన ఆ కేక బాబాయికి ఒక్కసారీ దక్కలేదు. "ఒక్క వన్స్‌మోర్ ఇంటే చాల్రా, ఆనక మొహానికి రంగే ముట్టుకోను" అనేవాడు.

కరోనా తెరిపిచ్చాక మా క్యాంపు మెస్ హాల్లో నాటకం వేశాం. భోజనాల బల్లలు కలిపితే స్టేజీ, దుప్పట్లు కుడితే తెర. ఆ తెర లాగేది నేను. రాజు మా క్రేన్ ఆపరేటరు. బాబాయి యథాప్రకారం దూత, ఒకే ఒక్క పద్యం. ఆ మరుసటి వారం ఆయన గల్ఫ్‌కి దణ్ణం పెట్టి ఊరెళ్లిపోతున్నాడు. ఊళ్లో సమాజం ఎప్పుడో మూతపడింది. ఆ గొంతుకు ఇదే ఆఖరి వేదిక.

పద్యం ఎత్తుకున్నాడు. చివర రాగం తీస్తుంటే గిన్నెలు కడిగేవాళ్లు కూడా చేతులు ఆపేశారు. మన భాష తెలియని పఠాన్లు, బీహారీలు లేచి నిలబడి "ఫిర్ సే! ఫిర్ సే!" అని హోరెత్తించారు. అంతే, బాబాయి మొహం పాలిపోయింది. సైటులో ఫోర్‌మన్ "ఫిర్ సే" అన్నాడంటే పని చెడిందని, గోడ గీకేసి మళ్లీ పూయమని అర్థం. తలవంచుకుని తెర వెనక్కి వచ్చేశాడు. "శ్రుతెక్కడ తప్పానంటావురా?" అన్నాడు, కళ్లనిండా నీళ్లతో. అవతల రాజు తన పద్యానికి గొంతు సవరించుకుంటున్నాడు.

"అది వన్స్‌మోర్ బాబాయ్! నీకే! యల్లా, పోయి పాడు!" అని రెండు చేతులతో తోశాను.

వెళ్లాడు. రాజు నోరు మూసుకుని నిలబడగా దూత మళ్లీ పాడాడు. ఏం పాడాడనీ! నేను తెర తాడు వదిలేసి ఏడుస్తూ ఈల వేశాను. ఆట అయ్యాక రంగు కడుక్కోమంటే వినలేదు, పెట్టుడు మీసంతోనే భోజనానికి కూర్చున్నాడు.

బస్సు ఎట్టకేలకు కదిలింది. పోయిన కాలానికి వన్స్‌మోర్ లేదంటారు గానీ, ఈ ఉదయం బస్సెడు జనం అరిస్తే నాకు ఆ పద్యం మొదటినుంచీ వినబడింది.