గుటక వేయకుండా రుచి చెప్పిన మా మామ

అన్నా, నమస్తే. బాగున్నావా? కొత్తచెరువులో షాపు తెరిచాననీ, టిన్ కాక్‌టెయిళ్లలో ఏవి పెట్టుకోవాలో చెప్పమనీ నువ్వు అడిగి చాలా రోజులైంది. జవాబు రాయలేదని కోపం పెట్టుకోకు. మా మామ పోయాడు. మా అమ్మకు సొంత తమ్ముడు. మధ్యాహ్నం అన్నం తిని, ఫ్యాను కింద చాప మీద పడుకున్నాడు. టీ పెట్టి అత్త పిలిస్తే లేవలేదు. నొప్పి లేదు, ఆసుపత్రి లేదు, ఎవరినీ ఇబ్బంది పెట్టలేదు. అంతే.

నీ ప్రశ్నకు జవాబు రాయాలంటే మామ గురించే రాయాలి. ఆ టిన్నుల గురించి నాకు తెలిసిందంతా ఆయన దగ్గర నేర్చుకున్నదే. రాయడానికి కూర్చుంటే ఏడుపొస్తుందేమో అనుకున్నా. ఏడుపు కాదు, ఆయనతో గడిపిన సాయంత్రాలు గుర్తొచ్చి హుషారొస్తోంది. ఇది నీ ఒక్కడికే కాదు, మన వ్యాపారం చేసే మిత్రులందరికీ చదివి వినిపించు.

మామ వయసులో ఉన్నప్పుడు బెంగళూరులో ఒక పెద్ద హోటల్ బార్‌లో డ్రింకులు కలిపేవాడు. ఆ పనిలోనే తాగుడూ అంటుకుంది. చివరికి లివర్ పాడై, పనీ పోయి, చిలమత్తూరుకు తిరిగొచ్చాడు. అత్త దగ్గరుండి గంజి తాగించి, ఆకు పసర్లు పోయించి, డాక్టర్ల చుట్టూ తిప్పి మనిషిని నిలబెట్టింది. అప్పుడే ఒక మాట చెప్పింది. "ఇంకొక్క గుటక నీ గొంతు దిగిన రోజు నేను మా అన్న ఇంటికి పోతా. మళ్లీ రాను." అత్త ఒకసారి అందంటే అంతే. ఆమె మాట ఎంత గట్టిదో మామకు తెలుసు. ఆ రోజు నుంచి ఒక్క చుక్క ముట్టలేదు. పొద్దుపోక నా వైన్ షాపులో కౌంటర్ పక్కన కుర్చీ వేసుకుని కూర్చునేవాడు. చుట్టూ సీసాలు, మధ్యలో ఆయన, చేతిలో మజ్జిగ గ్లాసు. ఊళ్లో వాళ్లు నవ్వేవాళ్లు, ఆయనా నవ్వేవాడు.

లేపాక్షి నందిని చూడడానికి వచ్చే బెంగళూరు కార్లు శనివారం, ఆదివారం మా షాపు ముందు ఆగుతాయి. వాటిలో వచ్చే ఉద్యోగాల కుర్రాళ్లకు సీసాలు వద్దు, టిన్నులు కావాలి. జిన్నో రమ్మో విస్కీయో, నిమ్మరసం, సోడా అన్నీ ముందే కలిపి టిన్నులో మూసి అమ్ముతారు కదా, అవి. చల్లగా తెరవడం, తాగడం. బీరు కంటే ఖరీదు. సరేలే అని కంపెనీ వాళ్లు చెప్పినవి చెప్పినట్టు తెప్పించి ఫ్రిజ్ నింపాను. అందులో మంచిదేదో చెడ్డదేదో నాకేం తెలుసు?

ఒకరోజు వేరుశనక్కాయల వ్యాపారం చేసే ఒకాయన ఖాళీ టిన్ను తెచ్చి కౌంటర్ మీద ఠప్పున పెట్టాడు.

"ఏమప్పా, ఇన్ని దుడ్లు పోసి కొంటే ఉత్త నీళ్లు తాగినట్లుండాది! మోసం కాదా ఇది?"

నేను నోరు తెరిచేలోపు మామ కుర్చీలోంచి అడిగాడు. "దాంట్లో ఏం కలిపినావు?"

"ఏం కలుపుతారు? నీళ్లు. మందులో నీళ్లు కలపకుండా తాగితే పేగులు కాలిపోవా?"

"ఎంత కలిపినావు?"

"రోజూ కలిపేంతే. సగానికి సగం."

మామ నవ్విన నవ్వుకు మజ్జిగ పొలమారింది. "సామీ, కలిపేటోడు ఆడనే కలిపి పంపించినాడు. దాని మీద నువ్వు మళ్లీ కలిపినావు. పెండ్లయినోనికి ఇంకో పెండ్లి చేసినట్ల!"

ఆయన ముందు గుర్రుగా చూసి, తర్వాత తనూ నవ్వి, ఇంకో టిన్ను కొనుక్కుని పోయాడు. అన్నా, ఇది నువ్వు ముందే రాసిపెట్టుకో. మన వైపు చెయ్యి ఊరుకోదు. బ్రాందీకి అలవాటుపడిన చెయ్యి గ్లాసు కనిపిస్తే నీళ్ల ప్యాకెట్ చించేస్తుంది. టిన్ను ఇచ్చేటప్పుడే చెప్పు, "దీంట్లో నీళ్లు పోయొద్దు" అని. లేకపోతే మంచి సరుక్కు చెడ్డపేరొస్తుంది.

ఆయన పోగానే మామ నావైపు తిరిగాడు. "వాన్ని చూసి నువ్వెందుకు నవ్వుతావు అల్లుడా? నీకు మాత్రం తెలుసునా? ఒక్కటన్నా రుచి చూసినావా?"

"నాకు బీరు తప్ప ఏదీ తెలీదు గదా మామా."

"అయితే నేను చెప్తా తే. నోట్లో పోసుకుని ఉమ్మేస్తా. మింగను."

ఈ సంగతి ఇంట్లో చెబితే ఏమవుతుందో నీకు వేరే చెప్పాలా? అత్త చీపురు కింద పారేసింది. "పాము పుట్టలో చెయ్యి పెట్టి, కరవదులే అంటాండావా? బుద్ధుండాదా నీకు? ఈ మనిషికి లేదు, నీకన్నా ఉండాల గదా!" చివరి మాట నాకు. మామ ఏమీ వాదించలేదు. "ఏమ్మే, నాకు తెలిసిన పని అదొక్కటే. తాగుడు పోయింది, మంచిదే. పని కూడా పోయింది. నువ్వే నా పక్కన కూర్చో. నా గొంతు చూస్తా ఉండు" అన్నాడు. అత్త చీపురు తీసి మూలన పెట్టింది. తర్వాత లోపలికి వెళ్లి అల్యూమినియం బేసిన్ తెచ్చి ఆయన ముందు పెట్టింది.

అబ్బ, అన్నా, ఆ మంగళవారాలు! మంగళవారం సాయంత్రం బేరాలుండవు. మామ ఇంటి అరుగు మీద టిన్నులు, పారదర్శకమైన గాజు గ్లాసులు, ఒక గిన్నెలో ఉప్పు వేయని బొరుగులు, చెంబుతో నీళ్లు. పక్కన బేసిన్ పట్టుకుని అత్త. ఆమె కళ్లు ఆయన గొంతు మీదే.

మామ మొదట టిన్నును తిప్పి చూసేవాడు. అడుగున తేదీ ఉందా, ఎక్కడైనా నొక్కుకుపోయిందా, ఉబ్బిందా అని. తర్వాత చిన్న అక్షరాలు నా చేత చదివించేవాడు. లోపల అసలైన రమ్ము, అసలైన జిన్ను పోశారా, లేక వాసన లేని స్పిరిట్‌లో ఎసెన్స్ కలిపి పైన బొమ్మ మాత్రం జిన్ను వేశారా? బలం ఎంత? చక్కెర ఎంత? "పైన బొమ్మ పెండ్లి పత్రిక మాదిరి ఉంటాది. వంట ఎట్లుండాదో వెనకాల చదవల్ల" అనేవాడు.

టిన్నులోంచే నోట్లో పోసుకుని రుచి చెప్పడం ఆయనకు నచ్చేది కాదు. ఆ చిన్న కన్నంలోంచి ముక్కుకు ఏమీ అందదని. గ్లాసులో పోసి, వెలుగుకెత్తి, బుడగలు ఎలా లేస్తున్నాయో చూసేవాడు. సన్నగా, ఆగకుండా లేస్తే మంచిది. పెద్దపెద్ద బుడగలు బుస్సుమని లేచి చచ్చిపోతే ఇంక అది షర్బత్తే. నోరు కొంచెం తెరిచి వాసన చూసేవాడు. మొదటి గుక్క నోరు కడుక్కోవడానికే, దాన్ని లెక్కలోకి తీసుకోడు. రెండోదే అసలుది. నాలుక మీద అటూ ఇటూ తిప్పి, ఉమ్మి, కళ్లు మూసుకుని కూర్చునేవాడు. అప్పుడు పలకరిస్తే తిట్టేవాడు. ఉమ్మిన తర్వాత నోట్లో ఏం మిగిలిందన్నదే ఆయనకు ముఖ్యం. నిమ్మ తొక్క వాసన మిగిలిందా, నిమ్మ బిళ్ల వాసన మిగిలిందా? పెదాలు ఒకదానికొకటి అంటుకుంటున్నాయా? ఇనుము నాకినట్టుందా? ఇంకోదానికి పోయేముందు నాలుగు బొరుగులు, ఒక గుక్క నీళ్లు.

అంతటితో అయిపోయేది కాదు. గ్లాసును పక్కన పెట్టి వదిలేసేవాడు. "ఫ్రిజ్‌లోంచి తీసినప్పుడు అన్నీ మంచివే అల్లుడా. చలికి తప్పులు దాక్కుంటాయి. కొంచెం ఎండ తగలనీ, అసలు గుణం బయటికొస్తాది." ఎండకు మన దగ్గర కొదవేముంది? రెండు మాటలు మాట్లాడుకునేలోపు గ్లాసు చల్లదనం పోయేది. అప్పుడు మళ్లీ రుచి చూసేవాడు. సగం టిన్నులు ఆ పరీక్షలోనే పోయేవి. మరీ తీపి ఎక్కి, దగ్గు మందు తాగినట్టు ఉండేవి. ఐసుముక్క వేసి కూడా చూసేవాడు. ఐసు కరిగినా రుచి నిలబడితే దాంట్లో సరుకున్నట్టు. చివరగా ఎప్పుడూ ఒకటే అడిగేవాడు. "ఇదే రుచి ఇంట్లో నిమ్మకాయ పిండుకుని, సోడా పోసుకుని చేసుకోగలవా? చేసుకోగలిగితే దీనికెందుకంత రేటు?"

కొన్నాళ్లకు అత్త కూడా గ్లాసు ముక్కు దగ్గర పెట్టుకోవడం మొదలుపెట్టింది. నోట్లో మాత్రం పోసుకునేది కాదు. గులాబీ రంగు టిన్ను ఒకదాన్ని వాసన చూసి, "థూ, సబ్బు నీళ్లు!" అంది. మామ నోట్లో పోసుకుని, ఉమ్మి, బేసిన్ తట్టాడు. "సబ్బే! ఒరే, నా నాలుక కంటే మీ అత్త ముక్కే ముందుండాది రా!" అత్త మొహం చూడాలి నువ్వు ఆ రోజు. సిగ్గుపడి కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది.

ఇంక అసలు రోజు సంగతి చెప్తా. ఒక కంపెనీ తరఫున ఒక కుర్రాడు కొత్త టిన్ను తెచ్చాడు. విస్కీ, అల్లం, నిమ్మ. మంచి మర్యాదస్తుడు. మామ సంగతి ఎక్కడో విని, ఆయన చేతే రుచి చెప్పించుకోవాలని నేరుగా అరుగు మీదికే వచ్చాడు. మామ గ్లాసులో పోశాడు. బుడగలు దారం మాదిరి సన్నగా లేచాయి. వాసన చూసిన మామ ఒక్కసారి నిటారుగా కూర్చున్నాడు. మొదటి గుక్క ఉమ్మేశాడు. రెండోది నోట్లో పోసుకున్నాడు.

ఉమ్మలేదు.

అత్త బేసిన్ ముందుకు జరిపింది. ఆయన చూడలేదు. కళ్లు మూసుకునే ఉన్నాయి. ఆ కుర్రాడికి మా ఇంటి సంగతి తెలీదు పాపం, ఉత్సాహంగా అన్నాడు. "మింగండి సార్! మింగితేనే గదా, గొంతులో అల్లం ఎట్ల దిగుతాదో తెలిసేది. అసలు మజా ఆడనే ఉండాది!"

అత్త మొహంలో రక్తం లేదు. ఆయన గొంతు వైపు చూస్తూ ఉండిపోయింది, అంతే. మామ బుగ్గలు కదిలాయి. ఇంకాస్త సేపు అలాగే ఉంచుకున్నాడు. తర్వాత వంగి, మెల్లగా, మొత్తం బేసిన్‌లోకి ఉమ్మేశాడు. చెంబెత్తి నోరు పుక్కిలించాడు.

కుర్రాడి మొహం వాడిపోయింది. "బాగలేదా సార్?"

"బాగుండాది నాయనా. బలే ఉండాది. ఇన్నేండ్లలో ఇట్లాంటిది నా చేత్తో నేను కూడా కలపలేదు. అందుకే ఉమ్మినా."

అత్త బేసిన్ తీసుకుని లోపలికి వెళ్లిపోయింది. లోపల ఆమె ముక్కు చీదుకోవడం వినిపించింది. మామ ఏమీ జరగనట్టు ఆ గ్లాసును ఎండలో పెట్టి, ఐసు వేసి, మిగతా పరీక్షలన్నీ చేశాడు. అన్నిటికీ నిలబడింది. ఆ టిన్ను మా ఫ్రిజ్‌లో పై అరలో పెట్టాం. ఇప్పుడు బెంగళూరు కుర్రాళ్లు కారు ఆపి, అద్దం దించి, "ఆ అల్లం టిన్ను ఉందా అన్నా?" అని అడుగుతారు. నాకు ఎంత గర్వంగా ఉంటుందో!

మామ దినాల రోజు సంగతి కూడా రాయాలి. పోయినవాళ్లకు ఇష్టమైనవన్నీ ఆకులో పెడతాం కదా. మాంసం పెట్టారు, బీడీ కట్ట పెట్టారు, మజ్జిగ పెట్టారు. మామ తమ్ముడు నన్ను పిలిచి, "ఆ అల్లం టిన్ను తేప్పా. అన్న బతికున్నప్పుడు ఎట్లాగూ తాగలేదు. ఇప్పుడు తాగితే ఎవరడుగుతారు?" అన్నాడు. ఆయన ప్రేమతోనే అన్నాడు. నేను తెచ్చి, ఆకు దగ్గర పెట్టలేక, చేతిలో పట్టుకుని అత్త వైపు చూశాను.

"ఇట్ల తే" అంది.

టిన్ను తెరిచింది. గ్లాసులో పోసింది. వెలుగుకెత్తి చూసింది. వాసన చూసింది. తర్వాత, అన్నా, పుట్టి బుద్ధెరిగాక మందు ముట్టని మనిషి ఒక గుక్క నోట్లో పోసుకుంది. అచ్చం ఆయన మాదిరే కళ్లు మూసుకుంది. ఈసారి మేమందరం ఆమె గొంతు వైపే చూస్తున్నాం. చాలాసేపటికి మింగింది.

"ఇంత బాగుండేదాన్నా," అంది, "ఇంత బాగుండేదాన్నా ఈ మనిషి నా కోసం ఉమ్మేసింది!"

మామ తమ్ముడు గ్లాసు కోసం చెయ్యి చాపాడు. అత్త ఇవ్వలేదు. "ఆకులో పెట్టొద్దు. ఇచ్చిన మాట మీద నిలబడి పోయినాడు ఆయన. దాన్ని ఇప్పుడు చెడగొట్టొద్దు. ఇది నేను తాగుతా." అని గడప మీద కూర్చుంది. కళ్లలోంచి నీళ్లు కారుతున్నాయి, పెదాల మీద నవ్వు ఆగడం లేదు. చుట్టాలు వరుసగా భోజనాలకు కూర్చున్నా ఆమె లేవలేదు. చిన్నచిన్న గుక్కలు వేస్తూ, ప్రతి గుక్కకూ ఆగి, ఏదో కొత్తగా తెలిసినట్టు తలూపుతూ కూర్చుంది.

నిన్న మూడు కొత్త రకాలొచ్చాయి. అత్తకు ఫోన్ చేస్తే, "మంగళవారం తీసుకురా, గ్లాసులు కడిగి పెడతా" అంది. గొంతులో ఆ తొందర నువ్వు వినాలి! నీ షాపుకు ఏవి పెట్టుకోవాలో ఆమే చెబుతుంది. ఇంతకీ నువ్వు ఏ మంగళవారం వస్తున్నావు అన్నా?