నీలిమందు ఎక్కువైన తెల్లచీరలు

సికింద్రాబాద్‌లో మేం వెళ్లే చర్చిలో ప్రభువు బల్ల, అంటే రొట్టె, ద్రాక్షరసం, ఇచ్చే ఆదివారం ఆడవాళ్లంతా తెల్లచీరల్లో వస్తారు. ఆ రోజు ఎవరి చీర ఎంత తెల్లగా ఉందో చూడకూడదు. అందరం చూస్తాం. ఆ విషయంలో మా అమ్మదే పైచేయి. రిటైరయ్యే దాకా నర్సుగా చేసింది కాబట్టి, తెల్ల యూనిఫాం ఉతికి ఉతికి ఆ విద్యలో ఆరితేరింది. సీసాల్లో అమ్మే నీలం నీళ్లను నమ్మదు. పొడి నీలిమందునే గుడ్డలో మూటకట్టి, బకెట్టు నీళ్లలో జాడించి, అందులో చీర ముంచుతుంది.

నేను కాలేజీలో కెమిస్ట్రీ చెబుతాను. ఈ పొడి గురించి క్లాసులో చెప్పడం నాకు మహా ఇష్టం. ఒకప్పుడు నీలిమందంటే మొక్క ఆకుల నుంచి తీసేది. పేరు అలాగే ఉండిపోయింది, డబ్బాలో సరుకు మారిపోయింది. ఇప్పటి పొడిలో ఉన్న రంగును పూర్వం ఆఫ్ఘన్ కొండల్లో దొరికే నీలిరాయిని నూరి తీసేవారు. అది బంగారంతో పోటీపడేంత ఖరీదు. తర్వాత ఎవరో బంకమన్ను, సోడా, గంధకం కలిపి కొలిమిలో కాల్చి అదే రంగు తయారుచేశారు, దాంతో అది చాకిరేవుకు దిగింది. పసుపు తిరిగిన బట్టకు కాస్త నీలం పట్టిస్తే కంటికి తెల్లగా తోస్తుంది. అంటే తెలుపులో సగం మోసమే. అమ్మ ముందు మాత్రం ఈ మాట అనను, నాకు ఇంకా బతకాలని ఉంది.

పోయిన ఏడాది నుంచి అమ్మ మోతాదు పెంచింది. పద్మారావు నగర్‌లో మా మేడ మీద ఆరేసిన చీరలు తెల్లగా లేవు, లేత నీలంగా ఉన్నాయి.

“నీలం ఎక్కువైందమ్మా” అన్నాను.

“ఏందే, తెల్లచీర ఉతుకుడు నాకు నేర్పిస్తవా? ఇంకా పసుపుగనే ఉంది, కండ్లు కనిపిస్తలేవా నీకు?”

చర్చి మెట్ల మీద ఇద్దరు ముగ్గురు ఆమె చీర చూసి మొహాలు తిప్పుకుని నవ్వారు. నాకు ఒళ్లు మండింది. అమ్మ గమనించలేదు.

తర్వాత ట్యూబ్‌లైటు పసుపుగా ఉందని మార్పించింది. పాలు పసుపుగా ఉన్నాయని పాలపాకెట్లు వేసే అతనితో గొడవ పెట్టుకుంది. అప్పటికి గాని నా బుర్ర వెలగలేదు. ఆస్పత్రికి తీసుకెళ్తే డాక్టరుగారు శుక్లం అన్నారు. వయసుతో కంటిలోని కటకం పసుపు తిరిగి, నీలాన్ని లోపలికి రానివ్వదట. కంటికి చేరని ఆ నీలాన్ని అమ్మ బకెట్టులో కలుపుతూ వచ్చిందన్నమాట.

ముందు ఒక కంటికి ఆపరేషన్ అయింది. ఇంటికొచ్చాక ఒకసారి ఈ కన్ను మూసి, ఒకసారి ఆ కన్ను మూసి గోడనూ, పాలగ్లాసునూ, నా మొహాన్నీ చూసుకుని తెగ సంబరపడింది. తర్వాత బీరువా తెరిచింది.

“గిట్లనే పోయిన్నా నేను? బల్ల కాడికి సుత?”

“పోయినవమ్మా.”

“అందరు చూసిన్రు గదా.”

ఇంక చర్చికి రానని మంచం మీద కూర్చుండిపోయింది. ఎవరికీ తలవంచని మనిషిని అలా చూడలేకపోయాను.

నా చేతిలో ఉన్న ఉపాయం ఒక్కటే. ఆ పొడి సబ్బుకూ సోడాకూ లొంగదు గాని పులుపుకు లొంగుతుంది. టబ్బులో వెనిగర్ నీళ్లు పోసి చీరలు నానబెట్టాను. రంగు విరిగి, అందులోని గంధకం కుళ్లిన కోడిగుడ్డు వాసన కొట్టింది. ఆ కంపుకు అమ్మ లేచి వచ్చింది. వంగొద్దని డాక్టరుగారు చెప్పారు కాబట్టి పక్కనే కుర్చీ వేసుకుని, నన్ను తిడుతూ పిండించింది. చీరలు తెల్లబడ్డాయి. టబ్బులో పట్టక పక్కన పెట్టిన ఒకటి మాత్రం నీలంగానే మిగిలింది.

బల్ల ఆదివారం పొద్దున, వస్తుందో రాదో తెలియకపోయినా, తెల్లచీర ఒకటి ఇస్త్రీ చేసి ఆమె మంచం మీద పెట్టాను. కాసేపటికి నల్లకళ్లద్దాలు పెట్టుకుని బయటికొచ్చింది. ఒంటి మీద ఉన్నది ఆ నీలం పట్టిన చీర.

“అమ్మా, అది...”

“తెలుసు. వాళ్లందరు చూసిందే గదా. ఇయ్యాల నేను సుత చూసుకుంట పోత. నడువు, టైమయితుంది.”