జల్లెడ లేని గరాటు

గంగులప్ప చేతిలోని కత్తెర నాలుగో రేకు పలకను కరకరా కోసింది. మదనపల్లెలో పుంగనూరు రోడ్డు పక్కన అతని దుకాణం. కిరసనాయిలు అమ్మేవాళ్లయినా నూనె మిల్లువాళ్లయినా గరాటు కావాలంటే అతని దగ్గరికే వస్తారు. ముప్పై ఏళ్లలో తన చేతి సరుకు ఒక్కటీ తిరిగి రాలేదని అతని గొప్ప. 1996లో ఆ గొప్పకు గండం వచ్చింది.

కాలేజీలో ఫిజిక్సు చెప్పే గోవిందస్వామి బిందె పట్టేంత నోరున్న నలుపలకల గరాటు కావాలన్నాడు.

"ఏం పోస్తారు సార్ దీంట్లో?"

"ఏమీ పొయ్యను. ఆకాశానికి ఎత్తి పెడతాను. ప్రపంచం పుట్టినప్పటి వేడి సల్లారి సల్లారి, రవ్వంత ఇంకా అన్ని దిక్కుల నుంచీ వస్తాండాది గంగులప్పా. దాన్ని పట్టే యంత్రాలకు ఇట్లాంటి నోరే. మన దాంతో అంత చిక్కదు గానీ, ఆకాశం ఎంత సల్లగా ఉండాదో పిల్లోళ్లకు సూపించొచ్చు. రేపు కుప్పంలో ప్రదర్శన."

లోపలి నుంచి భార్య యశోదమ్మ అంది: "ఇన్నాళ్లూ కిరసనాయిలు. ఇంక ఆకాశాన్నే సీసాల్లో పోయిస్తాడు!"

మధ్యాహ్నం గరాటు పట్టుకుపోయిన సారు నాలుగింటికి దాన్ని చంకన పెట్టుకుని మళ్లీ వచ్చాడు. కొసన, లోపలికొచ్చే వేడిని పసిగట్టే ఒక చిన్న పెట్టె, దానికి ముల్లున్న మీటరు వేలాడుతున్నాయి. గంగులప్ప కత్తెర కింద పెట్టాడు.

"వెచ్చటి సెయ్యి అడ్డం పెడితే ముల్లు లేవాల, సల్లటి ఆకాశానికి తిప్పితే పడాల. యాడికి తిప్పినా కదల్లేదప్పా. ఆరింటికి బస్సు."

"నా మాటులో సందుండదు!" గంగులప్ప పెట్టెను విప్పించి, గరాటులో చెంబెడు నీళ్లు పోశాడు. "సూడండి, అతుకుల్లో సుక్క కారిందా? జల్లెడలో నుంచి ఎంత సక్కగా దిగినాయో!"

"జల్లెడా?"

"గొంతు లోపల. నలకలు పడకుండా. అడక్కపోయినా నేనే ఏసినా."

"ఆకాశంలో నలకలేందప్పా! ఆ తీగల జల్లెడ వచ్చేదాన్ని గోడలా ఆపేస్తాది."

యశోదమ్మ పకపకా నవ్వింది. "ఆకాశాన్నే వడగట్టినాడమ్మా!"

గంగులప్ప గరాటును ఒళ్లోకి లాక్కున్నాడు. నిప్పుల్లో కడ్డీ కాల్చి, మాటు కరిగించి జల్లెడను ఊడదీశాడు. మిగిలిన మాటును ఆకురాయితో గీకి, చిటికెన వేలు లోపల తిప్పి, మళ్లీ గీకాడు. వేలికి ఏమీ తగలనప్పుడే పెట్టె బిగించమన్నాడు.

వీధిలో గరాటును పైకి తిప్పగానే ముల్లు పడింది. గంగులప్ప అరచేయి అడ్డం పెట్టాడు. లేచింది. తీశాడు. పడింది. నాలుగోసారి కూడా పెట్టబోతుంటే సారు చేయి పట్టుకున్నాడు.

"బస్సప్పా!"

"సరుకు తిరిగొచ్చిందని మాత్రం యాడా సెప్పొద్దు సార్. పని సగంలో ఉండంగా సూసిపోదామని వచ్చినారు, అంతే."

గరాటును పాత గోనెలో చుట్టి, నోరు నొక్కుకుపోకుండా అట్ట అడ్డం పెట్టి, గంగులప్ప సారు చేతుల్లో పెట్టాడు.